బయటికి పోయే కట్ట

రెండువేల ఐదుల, వానలు మొదలైనంక, మా బొమ్మలాట టీముకు టేకులపల్లి అవుతల అడివి ఊర్లల్ల మూడు నెలల డ్యూటీ పడ్డది. మలేరియా జ్వరం మీద ఊరూర షో చెయ్యాలె. ఖమ్మంల ఒక సంస్థ మమ్ముల ఈ పనికి పెట్టుకున్నది. ఆ సంస్థ పేరు రాయను. మేము దిగిన దవాఖానా పేరు గూడ రాయను. జరిగిన తప్పు నాది, వాళ్ళది గాదు.

నేను ఐదో తరగతి దాక సదివిన. మా ఇల్లు ఖానాపురం హవేలిల. మొదట్ల జాకెట్లు కుట్టేదాన్ని. బొమ్మలకు బట్టలు కుట్టమంటె పోయిన, పోయినంక తలకాయలు చేసుడు గూడ నేర్చుకున్న. అదే పని చేస్తనే ఇన్నేండ్లు గడిచినయ్. పోయినేడు మానేసిన, వేళ్ళు వంగుతలేవు. ఇప్పుడు పని నేర్చుకునే పిల్లలు అక్కా నీ పని గురించి రాయి అని అడిగిన్రు. ఇంత పొడుగు రాసుడు నాకు ఇదే మొదటిసారి. ముందు ఎన్కలు అయితే ఏమనుకోవద్దు.

మా టీముల ముగ్గురం. నర్సయ్య సారు టీమ్ లీడరు. ఆయన ముందు రాత్రిబడిల సదువు చెప్పిండు, షోల మాట, పాట ఆయనయే. భిక్షపతి నాకంటె చిన్నోడు, మొగోళ్ళ బొమ్మలన్ని ఆడిస్తడు, జనాన్ని నవ్విస్తడు. నా పోస్టు పేరు బొమ్మల అసిస్టెంటు. బొమ్మలు చేసుడు నా పని, ఆటల ఆడోళ్ళ బొమ్మలు ఆడించుడు గూడ నా పనే.

మాయి తోలుబొమ్మలు గావు. తోలుబొమ్మలు ఆడించేటోళ్ళు వేరే ఉంటరు, వాళ్ళది తాతల కాడికెల్లి వచ్చిన విద్య. మాయి చేతిబొమ్మలు. చేతికి అంగీ లెక్క తొడుక్కుంటం. చూపుడు వేలు తలకాయల పెట్టాలె, బొటనవేలు ఒక చెయ్యి, నడిమి వేలు ఇంకో చెయ్యి. బొమ్మ తల ఊపిందంటె లోపల నా వేలు ఊగినట్టు. తలకాయ బరువుంటె గంట షోల వేలు పడిపోతది. అందుకే కాగితంతోటి చేస్తం.

ఎట్ల చేస్తరో చెప్త, చెప్పకుంటె తర్వాత జరిగింది అర్థం గాదు. ముందుగాల మట్టితోని తల చెయ్యాలె. ముక్కు, చెవులు మట్టిల తియ్యొద్దు, అయి తర్వాత పెట్టుకోవచ్చు. కాగితాన్ని రెండేళ్ళ వెడల్పు పట్టీలు చింపి మట్టి మీద అంటియ్యాలె. మొదటి పొరకు జిగురు పెట్టొద్దు, ఉత్త నీళ్ళల్ల తడిపి అంటియ్యాలె. జిగురు పెడితే కాగితం మట్టిని పట్టుకుంటది, మళ్ళ ఊడి రాదు. రెండో పొర కాడికెల్లి మైదా ఉడకబెట్టిన జిగురు, అండ్ల ఇంత మైలతుత్తం. అది లేకుంటె పురుగు పడ్తది. అట్ల ఆరు పొరలు వేసి, ఎండినంక చెవి ఎన్కకెల్లి చెవి ఎన్కకు బ్లేడుతోటి కోసి, లోపలి మట్టి తీసి, రెండు చిప్పలు మళ్ళ అతికియ్యాలె. పైన సుద్దపొడి పూసి రంగు వెయ్యాలె. లోపలికి వేలు పెట్టేతందుకు మెడల అట్ట గొట్టం పెట్టాలె.

అంటే మొదటి పొర కాగితం మీద ఏం రాసున్నా, అది బొమ్మ మొహం లోపల అట్లనే ఉంటది. బయటోళ్ళకు కనపడది. చేసినోళ్ళు గూడ చూడరు.

మేము దవాఖానా ఎన్కాల ఖాళీ క్వార్టర్ల దిగినం. షోకు ఏడు బొమ్మలు కావాలె. జ్వరం వచ్చిన ఆమె, ఆమె మొగడు, అత్త, డాక్టరు, నర్సమ్మ, సూదులేసే నాటు వైద్యుడు, ఆఖరుకు దోమ, దానికి పొట్ట గూడ కాగితంతోనే. ఖమ్మం నుంచి తెచ్చిన పేపర్లు జీపుల తడిసి ముద్దయినయ్. అందుకని దవాఖానాల అటెండరు యాకూబ్ భాయ్‌ని అడిగిన.

"భాయ్, పాత కాగితాలుంటె ఇయ్యరాదు, బొమ్మలకు."

ఆయన మందుల పెట్టెలు లెక్క చూస్తున్నడు. తల ఎత్తకుండనే గోడకాడికి చెయ్యి చూపెట్టిండు. "గా సుత్లి కట్ట తీస్కపో అక్కా. ఎర్రదారం కట్ట బయటికి పోయేది."

గోడకాడ రెండు కట్టలున్నయ్. ఒకటి సుత్లితోని కట్టింది, పెద్దది. ఒకటి ఎర్రదారం కట్టింది, చిన్నది. మా ఇంట్ల బయటికి పోయేది అంటె పారేసేది. పాత సామాన్లు కట్ట కట్టి దర్వాజకాడ పెట్టి, గియి బయటికి పోయేటియి, కబాడోడు వస్తె వెయ్యి అని మా పిల్లలకు చెప్తుంటి. నాకు ఆ మాట అట్లనే వినపడ్డది. అది గూడ పారేసేదే అని రెండు కట్టలు తెచ్చుకున్న. యాకూబ్ భాయ్ చూడలె.

దవాఖానాల బయటికి పోయేది అంటె ఊర్లల్లకు పోయే రిపోర్టులు. జ్వరమొచ్చినోళ్ళ వేలు పొడిచి, అద్దంముక్క మీద రక్తం పూసి ల్యాబుకు తెస్తరు. ఆనాడు ఉత్త జ్వరం గోలీలు ఇచ్చి పంపుతరు. ల్యాబు ఆయన చూసి చీటీ రాస్తడు. చీటీల మలేరియా అని వస్తెనే అసలు మందు కోర్సు మొదలు. ఆ చీటీలు ఊర్లల్ల తిరిగే హెల్త్ వర్కరు వారానికోసారి వచ్చి తీస్కపోతడు. ఆ వారం వాగు వచ్చి ఆయన రాలె. కట్ట కనపడకపోతె యాకూబ్ భాయ్ ఆయన తీస్కపోయిండనుకున్నడు.

ఎర్రదారం కట్టల కాగితం మంచిగుండె. దళసరిగ, చిన్న చిన్న చీటీలు, చింపుతె సక్కగ చినుగుతున్నయ్. ఒక దిక్కు ఉత్తగున్నది, ఒక దిక్కు రాసున్నది. నేను చదవలె. చదవాలని గూడ అనుకోలె. వాన ముసురుకు బొమ్మలు ఎండకపోతె కుంపటి పెట్టి ఎండబెట్టిన. ఎనిమిది దినాలకు ఏడు బొమ్మలు తయారైనయ్. దోమ బొమ్మ చూసి భిక్షపతి, "అక్కా, గిది మా మేనత్త లెక్కనే ఉన్నది, ఒట్టు" అన్నడు. నర్సయ్య సారు గూడ నవ్విండు.

తెల్లారితె మొదటి షో. సంతల చెయ్యాలె. సంస్థ పెద్దోళ్ళు హైదరాబాదు నుంచి చూస్తానికి వస్తున్నరు. వాళ్ళకు నచ్చకుంటె డ్యూటీ ఆడికే బంద్.

షోకు ముందటి దినం పొద్దుగాల తొమ్మిదింటికి, జ్వరం ఆమె బొమ్మ మెడగొట్టం వదులైతె, సరిచేద్దామని అతుకు విప్పిన. రెండు చిప్పలు చేతుల పట్టుకున్న. మొహం చిప్ప లోపల నొసలు కాడ ఎర్ర పెన్ను రాత కనపడ్డది.

బాల్‌పెన్ను రాత గాబట్టి నీళ్ళల్ల పోలె. నాకు ఇంగ్లీషు రాదు. కాని ఆ రెండక్షరాలు తెలుసు. మా షోల డాక్టరు బొమ్మ రెండు అట్టలు చూపెడ్తది. ఒక దాని మీద పీవీ, ఒక దాని మీద పీఎఫ్. పీవీ అంటె మామూలు మలేరియా. పీఎఫ్ అంటె మెదడుకు ఎక్కేది, చంపేది. ఆ అట్ట మీద పీఎఫ్ అని ఎర్ర రంగుతోటి రాసింది నేనే.

ఆ ఎర్ర రాత పక్కన తెలుగుల పేరున్నది. కూడబలుక్కొని చదివిన. కుంజా భద్రమ్మ.

చిప్ప పట్టుకొని నర్సయ్య సారు కాడికి పోయిన. చూపెట్టిన. ఆయన కండ్లద్దాలు పెట్టుకొని చూసిండు, వెలుతురుకు తిప్పి మళ్ళ చూసిండు.

"ఏ కాగితం వాడినవ్ సువార్తా?"

"ఎర్రదారం కట్ట సార్."

యాకూబ్ భాయ్ వచ్చి చూసి, రెండు చేతులు నెత్తికి పెట్టుకున్నడు. "యా అల్లా. పంపేది అంటి గద అక్కా."

"పంపేది అనలె భాయ్. బయటికి పోయేది అన్నవ్."

"రెండు ఒక్కటే గాదా" అన్నడు ఆయన.

చీటీ అడ్డంగ చింపిన గాబట్టి పై సగమే ఉన్నది. పై సగంల పేరు, రిపోర్టు. ఊరు, వయసు, మొగని పేరు కింది సగంల ఉంటయట. కింది సగం ఆ చిప్పల లేదు. ఏ బొమ్మలున్నదో, ఎన్నో పొరల ఉన్నదో నాకు తెల్వది. కుంజా ఇంటిపేరోళ్ళు ఆ చుట్టుపక్కల ఊరూర ఉన్నరు, భద్రమ్మలు ఇంటికొకరున్నరు. ల్యాబుల రిజిస్టరుంటది, అండ్ల అన్ని ఊర్లు ఉంటయ్. కాని ల్యాబు ఆయన సెలవు మీద మధిర పోయిండు. రూముకు తాళం. తాళంచెవి ఆయన కాడనే ఉన్నది. డాక్టరు సారు మీటింగుకని భద్రాచలం పోయిండు. వానకు ఫోను లైను పడిపోయి రెండు దినాలయ్యింది.

భిక్షపతి తాళం దిక్కు చూసిండు. యాకూబ్ భాయ్ తల అడ్డం ఊపిండు. "సర్కారు తాళం తమ్మీ. సారు చెప్పంది ముట్టొద్దు." మేము సరే అన్నం.

ఇగ మిగిలింది ఒక్కటే. ఏడు బొమ్మలు నానబెట్టి పొరలు తియ్యాలె. నేను బకిట్ల వేడినీళ్ళు పోస్తుంటె నర్సయ్య సారు నా చెయ్యి పట్టుకున్నడు.

"సువార్తా, జర ఆగు. రేపు పెద్దోళ్ళొస్తరు. ఆ ఒక్క బొమ్మ విప్పు, దాంట్ల చూద్దాం. దొరకకుంటె అప్పుడు ఆలోచిద్దాం."

"ఎనిమిది దినాలైంది సార్ ఆ చీటీ నేను తెచ్చి" అన్న.

ఆయన చెయ్యి తీసిండు. తర్వాత డాక్టరు బొమ్మ ఆయనే బకిట్ల ముంచిండు.

రంగు పోవుడే కష్టం. సుద్ద మెత్తగై తెల్లగ నీళ్ళల్ల కలుస్తది. పొరలు గోటితోని లేపాలె, జోరుగ లాగితె చినిగిపోతది. నేను తీస్తున్న, భిక్షపతి చాప మీద పరుస్తున్నడు, నర్సయ్య సారు చదువుతున్నడు. పై పొరల నిండ సుత్లి కట్ట కాగితాలు, పాత పిల్లల టీకాల లెక్కలు. వాటి నడుమ నడుమ చీటీ ముక్కలు. చినిగిన అంచుకు అంచు కలవాలె. జాకెట్ ముక్కలు కలిపి కలిపి నాకు అది అలవాటే, చదువు రాకున్నా అంచు చూసి చెప్పొచ్చు. భద్రమ్మ చీటీ అంచు ఒక దిక్కు వంకర తిరిగున్నది. ఆ వంకర దొరకాలె.

డాక్టరు బొమ్మల లేదు. అత్తల లేదు. మొగనిల, నర్సమ్మల, నాటు వైద్యునిల లేదు. మిగతా పేర్లు దొరుకుతున్నయ్, వాటికి పీవీ, లేకుంటె ఏమీ లేదని రాసున్నది. నర్సయ్య సారు ఒక్కో పేరు గట్టిగ చదివి, మందు పంపేటందుకు దవాఖానా నర్సు సిస్టరమ్మకు ఇయ్యాలని పక్కకు పెడ్తున్నడు. భిక్షపతి పొద్దటి నుంచి ఒక్క నవ్వుమాట అనలె.

ఒంటిగంటకు దోమ పొట్టల దొరికింది. నాలుగో పొర. వంకరకు వంకర కలిసింది.

నర్సయ్య సారు చదివిండు. "వయసు ఇరవై రెండు. భర్త జోగయ్య." ఊరి పేరు చదివిండు. వాగవుతల గుంపు, అంటె చిన్న గూడెం, మా క్వార్టరు కాడికెల్లి నడిస్తె గంటన్నర. ఆయన ఆగిండు. కాగితం మూలకు ఏదో చిన్నగ రాసున్నది. కండ్లద్దాలు తుడుచుకొని చదివిండు. "గర్భిణి, ఆరో నెల."

సిస్టరమ్మ మందులు, సెలైన్ బాటిలు సంచిల వేసుకున్నది. ఆమె, యాకూబ్ భాయ్, భిక్షపతి, నేను బయల్దేరినం. నర్సయ్య సారు జీపు తీస్కొని వాగు ఇవుతల రోడ్డు మీద ఉంట అన్నడు. వాగు తొడల దాక ఉన్నది. సిస్టరమ్మ సంచి నెత్తి మీద పెట్టుకున్నది. నా చేతులకు దోమ బొమ్మ నల్లరంగు ఇంక అంటుకోనే ఉన్నది.

ఇంట్ల భద్రమ్మ నులకమంచం మీద పండుకున్నది. కండ్లు తెరిచే ఉన్నది, మమ్ముల చూస్తలేదు. పండ్లు బిగబట్టుకున్నది. ఒళ్ళు ముట్టుకుంటె కాలుతున్నది. సిస్టరమ్మ కనురెప్ప ఎత్తి చూసింది, పిలిచింది, చెంప తట్టింది. జవాబు లేదు. "గోలీలతోని అయ్యేది గాదు. భద్రాచలం పెద్ద దవాఖానాకు పోవాలె, జల్దీ" అన్నది. సెలైన్ పెట్టింది. మంచానికి కర్రలు కట్టి నలుగురు మోసిన్రు, నేను సెలైన్ బాటిలు ఎత్తి పట్టుకొని పక్కన నడిచిన.

ఆమె మొగడు జోగయ్య మంచం ముందటి కర్ర మోస్తున్నడు. వాగు దాటినంక యాకూబ్ భాయ్‌ని చూసి, తెలుగు, వాళ్ళ మాట కలిపి అడిగిండు.

"రెండుసార్లు వచ్చి అడిగితి గద భాయ్. ఒకసారి రిపోర్టు ఇంక రాలె అంటివి, ఇంకోసారి హెల్త్ వర్కరు తెస్తడు అంటివి."

యాకూబ్ భాయ్ నా దిక్కు చూడలె. నన్ను చెప్పనియ్యకుండ తనే చెప్పెటట్టున్నడు. నేనే చెప్పిన. "రిపోర్టు వచ్చింది అన్నా. నేను తెల్వక చింపిన. బొమ్మలకు అంటిచ్చిన."

ఆయన నడుస్తనే ఉన్నడు. ఎన్కకు తిరగకుండనే అన్నడు. "రెండోసారి వచ్చిన్నాడు చూసిన. కుంపటి కాడ బొమ్మల మొకాలు ఎండబెట్టిన్రు. మంచిగున్నయ్ అనుకున్న."

నేను ఆ మాట అట్లనే రాస్తున్న. ఆయన కోపంతోని అనలె. సిస్టరమ్మ నా చేతిల బాటిలు తీస్కొని తను పట్టుకున్నది.

జీపుల ముందట సిస్టరమ్మ, ఎన్కాల మంచం మీదికెల్లి దింపి పండబెట్టిన భద్రమ్మ, జోగయ్య. నర్సయ్య సారు మా సామాను, మైకు సెట్టు, పరదాలు అన్ని రోడ్డు పక్కన దించి వాళ్ళకు జాగ చేసిండు. మేము సామాను కాడ వానల కూసున్నం, జీపు మళ్ళ వచ్చేదాక.

తెల్లారి సంస్థ పెద్దోళ్ళు వచ్చిన్రు. చాప మీద తడి కాగితాలు, బకిట్ల తెల్లనీళ్ళు చూసిన్రు. నర్సయ్య సారు జరిగింది జరిగినట్టు చెప్పిండు, నా పేరు పెట్టి. ఒకాయన "ఒక్క బొమ్మన్న మిగల్లేదా" అని అడిగిండు. లేదని చెప్పినం. వాళ్ళు ఒకరి మొకం ఒకరు చూసుకొని ఎల్లిపోయిన్రు. డ్యూటీ పోయిందనుకున్నం, కాని నెల తర్వాత మళ్ళ పిలిచిన్రు.

భద్రమ్మ ఆరు దినాలకు లేచి కూసున్నది. కడుపుల బిడ్డ దక్కలె. ఆ సంగతి నాకు భిక్షపతి చెప్పిండు, నేను కుంపటి కడుగుతుంటె.

డాక్టరు సారు వచ్చినంక మమ్ముల అందర్ని రూములకు పిలిచిండు. ల్యాబు తాళం ఇంక అట్లనే ఉన్నది. నేను ఎట్ల చింపిన, ఎట్ల నానబెట్టినం, నాలుగు గంటలు ఎట్ల కూసొని అతుకులు కలిపినం, అంత చెప్పిన. ఎక్కడ్నో ఇంత మెచ్చుకుంటడేమో అని గూడ ఉండె నాకు, అబద్ధం ఎందుకు. ఆయన విన్నడు. లేచి పోయి, బయట పడున్న రాయి తెచ్చి, తాళం మీద రెండు దెబ్బలు వేసిండు. తాళం ఊడి కింద పడ్డది.

"రిజిస్టరు గీడనే ఉండె" అన్నడు.

తాళం మా కండ్ల ముందటనే ఉన్నది. ఏడు బొమ్మలు పాడు చెయ్యడానికి వెనకాడలె, ఉద్యోగం పోతదని తెలిసి గూడ ఆగలె, కాని ఆ తాళం కొట్టాలని ఒక్కరం పట్టుబట్టలె. సర్కారుది అన్నడు యాకూబ్ భాయ్, అందరం ఊకున్నం. ఆ నాలుగు గంటలు ముందుగాల పోతె బిడ్డ దక్కేదా సార్ అని అడిగిన. డాక్టరు సారు ఎనిమిది దినాలు, నాలుగు గంటలు అని కాగితం మీద రాసుకొని, కింద నన్ను సంతకం పెట్టమన్నడు. పెట్టిన.

ఆ తర్వాత నేను పని నేర్పిన ప్రతి ఒక్కరికి రెండు సంగతులు చెప్పిన. చింపేటందుకు ముందుగాల కాగితం రెండు దిక్కుల చదువు. రాకుంటె వచ్చినోళ్ళతోని చదివిచ్చుకో. నేనైతె అక్షరం అక్షరం కూడబలుక్కొని చదువుత, ఒక కట్టకు పూట పడ్తది, టీమోళ్ళు విసుక్కుంటరు. పట్టనీ. రెండోది, మనిషి పానం తాళం అవుతల ఉంటె, అది ఎవరి తాళమని అడగొద్దు.